కాలేజీ ల్యాబా, హైదరాబాద్ సర్వర్లా? సిమ్‌గ్రిడ్‌తో ముందే తేల్చుకోవడం ఎలా

విశాఖ మద్దిలపాలెంలో ఒక కాలేజీ ల్యాబ్ ఉందనుకోండి. అందులో 8 పీసీలు. రుషికొండ నుంచి భీమిలి దాకా తీరం పొడవునా డ్రోన్‌తో తీసిన ఫోటోలను 40 ఫైళ్లుగా కట్టి పెట్టారు, ఒక్కోటీ 50 ఎంబీ. తీరం ఎక్కడెక్కడ కోతకు గురైందో మీ ప్రోగ్రామ్ గుర్తించాలి. ల్యాబ్ పీసీ మీద ఒక్కో ఫైలుకు నిమిషం పడుతోంది. హైదరాబాద్‌లో ఇంతకు 5 రెట్లు వేగంగా నడిచే సర్వర్లు 4 అద్దెకు దొరుకుతాయి. కానీ కాలేజీ నెట్ 100 ఎంబీపీఎస్ మాత్రమే. పని ల్యాబ్‌లోనే కానివ్వాలా, హైదరాబాద్ పంపాలా? పంపితే, ఉన్న కాస్త డబ్బూ నెట్ ప్లాన్ మీద పెట్టాలా, ఇంకా మంచి సర్వర్ల మీద పెట్టాలా?

ఇది తేల్చడానికి ముందే సర్వర్లు అద్దెకు తీసుకోనక్కర్లేదు. డిస్ట్రిబ్యూటెడ్ సిస్టమ్‌ను, అంటే పనిని చాలా మెషిన్ల మీద పంచి నడిపే ఏర్పాటును, మీ లాప్‌టాప్ మీదే సిమ్యులేట్ చేసే ఉచిత, ఓపెన్ సోర్స్ సాఫ్ట్‌వేర్ ఉంది. నేను ఇక్కడ సిమ్‌గ్రిడ్ వాడతాను. ఫైనల్ ఇయర్ ప్రాజెక్టుకైనా, ఆఫీసులో చిన్న ప్రపోజల్‌కైనా ఇదే దారి. ఒక్క షరతు: కాగితం మీద లెక్క వేయకుండా సిమ్యులేటర్ రన్ చేయవద్దు. ఎందుకో ముందుకెళ్తే మీకే తెలుస్తుంది.

ఏ సిమ్యులేటర్, ఎందుకు

మన కాలేజీల్లో ఈ మాట ఎత్తగానే క్లౌడ్‌సిమ్ అంటారు. మెల్‌బోర్న్ యూనివర్సిటీలో పుట్టిన జావా టూల్‌కిట్ అది. డేటా సెంటర్, వర్చువల్ మెషిన్, ఏ పని ఏ మెషిన్‌కు ఇవ్వాలి అన్న ప్రశ్నలకు బాగానే పనికొస్తుంది. కానీ అందులో చాలామంది మొదలుపెట్టే ఉదాహరణల్లో నెట్‌వర్క్ దాదాపు లేనట్టే ఉంటుంది. మన ప్రశ్నలో అసలు చిక్కు నెట్ దగ్గరే ఉంది.

ఇంకోవైపు ఎన్ఎస్-3 అనే నెట్‌వర్క్ సిమ్యులేటర్ ఉంది. నెట్‌లో పోయే ప్రతి చిన్న డేటా ముక్కనూ, అంటే ప్యాకెట్‌నూ, విడిగా నడిపిస్తుంది. నిజానికి బాగా దగ్గరగా ఉంటుంది, కానీ 2 జీబీ డేటా కదలికను ప్యాకెట్ ప్యాకెట్‌గా నడపాలంటే ఓపిక కావాలి. సిమ్‌గ్రిడ్ ఈ రెండింటికీ మధ్యలో ఉంటుంది. ఎన్ఏడీ జంక్షన్ దగ్గర నిలబడి ఒక్కో బండి నంబరూ రాసుకోవడం ఒక పద్ధతి, నిమిషానికి ఎన్ని బండ్లు దాటుతున్నాయో మాత్రం చూడటం ఇంకో పద్ధతి. సిమ్‌గ్రిడ్‌ది రెండోది. ఒక లింక్ మీద ఎన్ని ప్రవాహాలు ఉన్నాయి, ఒక్కోదానికీ ఎంత వాటా దక్కుతుంది అని లెక్కగడుతుంది. అందుకే వేగంగా నడుస్తుంది.

సిమ్‌గ్రిడ్‌ను 1999లో హెన్రీ కాసనోవా అమెరికాలోని యూనివర్సిటీ ఆఫ్ కాలిఫోర్నియా, శాన్‌డియెగోలో మొదలుపెట్టారు. తర్వాత ఎక్కువగా ఫ్రాన్స్ పరిశోధకులు పెంచి పోషించారు. లైసెన్సు ఎల్‌జీపీఎల్ అనే ఓపెన్ సోర్స్ లైసెన్సు. ప్రోగ్రామ్‌ను సీ ప్లస్ ప్లస్‌లో గానీ, పైథాన్‌లో గానీ రాసుకోవచ్చు. మొదటిసారి అయితే పైథాన్ చాలు.

ఇన్‌స్టాల్ చేయడం

ఉబుంటు, డెబియన్ ఉన్నవాళ్లకు ప్యాకేజీ సిద్ధంగా దొరుకుతుంది. పైథాన్ మాత్రమే కావాలంటే పైథాన్ ప్యాకేజీలు దింపే పిప్‌తో సిమ్‌గ్రిడ్ అనే పేరు ఇచ్చి ఇన్‌స్టాల్ చేయండి. పిప్ మీ మెషిన్ మీదే కంపైల్ చేయడం మొదలుపెడితే సీమేక్, సీ ప్లస్ ప్లస్ కంపైలర్, బూస్ట్ లైబ్రరీ ముందే ఉండాలి. విండోస్ అయితే నేరుగా ప్రయత్నించి సాయంత్రం పాడుచేసుకోకండి. విండోస్ లోపలే లైనక్స్ నడిపే డబ్ల్యూఎస్ఎల్‌లో ఉబుంటు వేసుకుని అందులో నడపండి. డాకర్ అలవాటున్న వాళ్లకు ట్యుటోరియల్ ఇమేజ్‌లు కూడా ఉన్నాయి.

నెట్‌లో వెతికితే ఎంఎస్‌జి అనే పాత పద్ధతిలో రాసిన కోడ్ బోలెడు కనిపిస్తుంది. అది పాతబడిపోయింది. ఇప్పటి పద్ధతి పేరు ఎస్4యూ, అది ఉన్న కోడే చూడండి. మీ దగ్గరున్న వెర్షన్ నంబరు ఇప్పుడే ఒకచోట రాసి పెట్టుకోండి, చివర్లో రిపోర్టుకు కావాలి.

ముందు నాలుగు అంకెలు కొలవండి

సిమ్యులేటర్‌కు మీరు ఏం చెబితే అదే నిజం. తప్పు అంకె ఇచ్చినా మొహమాటం లేకుండా దశాంశ స్థానాలతో సహా జవాబు ఇస్తుంది. కాబట్టి కొలవగలిగినవన్నీ కొలవాలి.

మొదటిది, ఒక ఫైలుకు పట్టే సమయం. అసలు ప్రోగ్రామ్‌ను ఒక ల్యాబ్ పీసీ మీద అయిదారు ఫైళ్లతో నడిపి సగటు చూడండి. మన ఉదాహరణలో 60 సెకన్లు. సిమ్‌గ్రిడ్‌లో పనిని ఫ్లాప్‌లలో (ఒక ఫ్లాప్ అంటే దశాంశ అంకెల మీద ఒక లెక్క), మెషిన్ వేగాన్ని సెకనుకు ఇన్ని ఫ్లాప్‌లు అని చెప్పాలి. ఇక్కడ చాలామంది ప్రాసెసర్ కంపెనీ చెప్పిన గరిష్ఠ వేగం వెతికి పెడతారు. అక్కర్లేదు. ల్యాబ్ పీసీ వేగం 10 గిగాఫ్లాప్‌లు అని మీరే అనుకోండి, అప్పుడు ఒక ఫైలు పని 600 గిగాఫ్లాప్‌లు అవుతుంది. హైదరాబాద్ సర్వర్ 5 రెట్లు వేగం కాబట్టి 50 గిగాఫ్లాప్‌లు, అంటే అక్కడ ఫైలుకు 12 సెకన్లు. నిష్పత్తి సరిగ్గా ఉండాలి, అంతే. ఆ 5 రెట్లు అన్నది కూడా అమ్మేవాళ్ల మాట కాకూడదు. ఒక గంటకు ఒక సర్వర్ తీసుకుని మీ ప్రోగ్రామ్‌తోనే కొలవండి.

రెండోది బ్యాండ్‌విడ్త్, అంటే సెకనుకు ఎంత డేటా పోగలదన్నది. బిల్లు మీద 100 ఎంబీపీఎస్ అని ఉంటుంది. నెట్ వేగం కొలిచే ఐపెర్ఫ్ టూల్‌తో కొలిస్తే ఎంత వస్తోందో చూడండి, పొద్దున ఒకసారి, రాత్రి ఒకసారి. అప్‌లోడ్ వేగాన్ని విడిగా చూడండి. మనం పంపేవాళ్లం, డౌన్‌లోడ్ అంకె మనకు అనవసరం. ఉదాహరణ కోసం 100 నిజంగానే వస్తోందనుకుందాం.

మూడోది లేటెన్సీ, అంటే డేటా అవతలికి చేరడానికి దారిలో పట్టే ఆలస్యం. పింగ్ కొట్టి వచ్చిన అంకెలో సగం తీసుకోండి, ఎందుకంటే పింగ్ చూపించేది వెళ్లి తిరిగొచ్చిన సమయం. కొలిచింది నమ్మదగిందో లేదో చూడటానికి ఒక ఉజ్జాయింపు లెక్క ఉంది. ఫైబర్‌లో కాంతి సెకనుకు సుమారు 2 లక్షల కిలోమీటర్లు పోతుంది. విశాఖ నుంచి హైదరాబాద్ రోడ్డు మీద 600 కిలోమీటర్ల పైమాట. అంటే ఒకవైపుకు 3 మిల్లీసెకన్లు. మీ పింగ్‌లో సగం 40 మిల్లీసెకన్లు వచ్చిందంటే మీ డేటా ఎక్కడెక్కడో తిరిగి వెళ్తోందని అర్థం. మనం 3 పెట్టుకుందాం.

నాలుగోది ల్యాబ్ లోపలి స్విచ్ వేగం. 1 గిగాబిట్ అనుకుందాం.

చేతిలెక్క

ఇప్పుడు కాగితం తీయండి. 100 మెగాబిట్లంటే 12.5 మెగాబైట్లు. 50 ఎంబీ ఫైలు హైదరాబాద్ చేరడానికి 4 సెకన్లు. అక్కడ పనికి 12 సెకన్లు.

ఆ 8 పీసీలు కాక ల్యాబ్‌లో ఫైళ్లున్న మెషిన్ ఒకటి మాస్టర్‌గా ఉండి ఫైళ్లను వరుసగా పంపుతుంది: మొదటి సర్వర్‌కు, అది చేరాక రెండోదానికి, ఆపై మూడు, నాలుగు. 16 సెకన్లకు నాలుగింటికీ చేరాయి. సరిగ్గా అప్పటికే మొదటి సర్వర్ 4 ప్లస్ 12, అంటే 16వ సెకనులో ఖాళీ అయి కూర్చుంది. కాబట్టి మాస్టర్ ఎక్కడా ఆగడు. 40 ఫైళ్లు పంపడానికి 160 సెకన్లు, చివరి ఫైలు పనికి 12. మొత్తం 172. ప్రతి ఫైలుకూ 3 మిల్లీసెకన్లు కలిపితే 172.12.

ల్యాబ్‌లోనే చేస్తే? ఒక ఫైలు చేరడానికి 0.4 సెకన్లు, పనికి 60. ఒక్కో పీసీకి 5 ఫైళ్లు. ఎనిమిదో పీసీకి మొదటి ఫైలు పంపడం 2.8వ సెకనులో మొదలవుతుంది, అక్కడి నుంచి 60.4 చొప్పున అయిదుసార్లు. మొత్తం 304.8 సెకన్లు.

అంటే హైదరాబాదే నెగ్గింది. ఇంత సులువైతే సిమ్యులేటర్ ఎందుకంటారా? ఈ రెండు అంకెలు సిమ్యులేటర్‌ను పరీక్షించడానికి. చేతిలెక్కకు అందే ప్రశ్నలో అది సరైన జవాబు ఇస్తేనే, అందని ప్రశ్నలో దాని మాట వినాలి.

ప్లాట్‌ఫామ్ ఫైలు రాయడం

మెషిన్లు, వాటి మధ్య తీగలు ఎలా ఉన్నాయో చెప్పే ఎక్స్ఎంఎల్ ఫైలు ఇది. ఇందులో మూడు రకాల వస్తువులు చాలు: హోస్ట్, లింక్, రూట్. హోస్ట్‌కు పేరు, వేగం. లింక్‌కు పేరు, బ్యాండ్‌విడ్త్, లేటెన్సీ. ఏ హోస్ట్ నుంచి ఏ హోస్ట్‌కు వెళ్లాలంటే ఏ లింక్‌ల మీదుగా పోవాలో రూట్ చెబుతుంది. వీటన్నిటినీ ఒక జోన్‌లో పెట్టి, రౌటింగ్ పద్ధతి ఫుల్ అని ఇవ్వండి. పేర్లు ఇంగ్లిష్ అక్షరాల్లో పెట్టుకుంటే మంచిది.

మొదటి మోడల్‌లో మాస్టర్ ఒకటి, హైదరాబాద్ హోస్ట్‌లు నాలుగు, మధ్యలో ఒకే ఒక్క లింక్. నాలుగు రూట్లూ ఆ ఒక్క లింక్ మీదుగానే వెళ్లాలి. సర్వర్‌కొక లింక్ విడివిడిగా గీశారంటే కాలేజీకి నాలుగు ఇంటర్నెట్ కనెక్షన్లు ఉన్నట్టు. అప్పుడు ఫలితాలు మహా అందంగా వస్తాయి, ఒక్కటీ నిజం కాదు.

యూనిట్ల దగ్గర కళ్లు పెట్టుకుని చూడండి. బీపీఎస్‌లో చిన్న బి బిట్‌కు, పెద్ద బి బైట్‌కు. సిమ్‌గ్రిడ్ రెండూ ఒప్పుకుంటుంది. ఒక్క అక్షరం మారితే మీ నెట్ 8 రెట్లు వేగమో, 8 రెట్లు నెమ్మదో అవుతుంది, ఎర్రర్ మాత్రం రాదు. హోస్ట్‌కు కోర్ల సంఖ్య ఇస్తే వేగం అన్నది ఒక్కో కోర్‌కు అని కూడా గుర్తుంచుకోండి. మీరు కొలిచిన 60 సెకన్లు నాలుగు కోర్లూ వాడుకున్న ప్రోగ్రామ్‌వైతే, హోస్ట్‌ను ఒకే కోర్ అని ఉంచేయండి. గొడవ ఉండదు.

యాక్టర్లు

సిమ్‌గ్రిడ్‌లో నడిచే ప్రతి ప్రోగ్రామ్‌నూ యాక్టర్ అంటారు. మనకు రెండు రకాలు కావాలి: మాస్టర్ ఒకడు, వర్కర్లు నలుగురు. ఒక్కో వర్కర్‌కూ ఒక మెయిల్‌బాక్స్, అంటే పంపినవి అందుకునే చోటు.

మాస్టర్ ఫంక్షన్‌లో 40 సార్లు తిరిగే లూప్. వంతుల వారీగా ఒక్కో వర్కర్ మెయిల్‌బాక్స్‌లోకి పుట్ చేయాలి. పుట్‌కు రెండు విషయాలు ఇస్తారు: పంపే వస్తువు, దాని సైజు. ఆ సైజే ముఖ్యం. నిజంగా 50 ఎంబీ ఫోటోలు ఎక్కడికీ పోవు, 600 గిగాఫ్లాప్‌లు అన్న అంకె ఒక్కటి పంపి సైజు 5 కోట్ల బైట్లు అని చెబితే చాలు. వర్కర్ ఫంక్షన్‌లో గెట్ చేసి, వచ్చిన అంకెను ఎగ్జిక్యూట్‌కు ఇచ్చి, మళ్లీ గెట్. నెగెటివ్ అంకె వస్తే ఆగిపోవాలి. మాస్టర్ చివర్లో అందరికీ ఆ నెగెటివ్ అంకె పంపాలి. అది మర్చిపోతే వర్కర్లు రాని ఫైలు కోసం ఎదురుచూస్తూ ఉండిపోతారు. సిమ్‌గ్రిడ్ డెడ్‌లాక్ అని చెప్పి, ఎవరు ఎక్కడ ఆగిపోయారో కూడా చూపిస్తుంది. ఆ మెసేజ్ చదవండి, భయపడి విండో మూసేయకండి.

పుట్ అన్నది అవతలివాడు గెట్ అని, ఫైలు పూర్తిగా చేరేదాకా ఆగుతుంది. మన చేతిలెక్క కూడా ఈ పద్ధతి మీదే వేశాం. రెండూ ఒకే కథ చెప్పకపోతే పోల్చి లాభం లేదు.

ఇంకో అలవాటు మానుకోవాలి. పైథాన్ టైమ్ మాడ్యూల్‌లోని స్లీప్ వాడకండి. అది మీ లాప్‌టాప్‌ను పడుకోబెడుతుంది, సిమ్యులేషన్ గడియారం మాత్రం అక్కడే ఉంటుంది. యాక్టర్‌కు సొంత స్లీప్ ఉంది. ప్రింట్‌కు బదులు యాక్టర్ ఇన్ఫో వాడితే ప్రతి లైను ముందూ సిమ్యులేషన్ సమయం వస్తుంది. తప్పు ఎక్కడ జరిగిందో వెతకడానికి అంతకంటే మంచి సాయం లేదు.

రన్ చేయండి, 172 రాకపోతే కంగారు పడకండి

ఏ ఆప్షనూ మార్చకుండా నడిపితే మీకు 172.12 రాదు. 186.8 దగ్గర వస్తుంది. చాలామంది ఇక్కడే టెన్షన్ పడి కోడ్ అంతా తిరగరాస్తారు. కోడ్ తప్పు కాదు.

సిమ్‌గ్రిడ్‌లో మామూలుగా ఉండే నెట్‌వర్క్ మోడల్ పేరు ఎల్‌వీ08. ఇంటర్నెట్‌లో డేటా పంపే పద్ధతి టీసీపీ నిజంగా నడిచే తీరుకు దగ్గరగా ఉండాలని ఇది మీరిచ్చిన బ్యాండ్‌విడ్త్‌ను 0.97తో, లేటెన్సీని 13.01తో గుణిస్తుంది. లేటెన్సీకి 13 రెట్లేమిటి అనిపిస్తుంది. టీసీపీ మొదట్లో నెమ్మదిగా మొదలై వేగం అందుకునే ఆలస్యం కూడా ఆ ఒక్క అంకెలోనే కలిసి ఉంటుంది. ఇవి కాక ప్రతి ప్రవాహానికీ ఎదురు దిశలో 5 శాతం వాడకం కలుపుతుంది, ఫైలు అందిందని చెప్పే ఎక్నాలెడ్జ్‌మెంట్ల కోసం. మనం రానూపోనూ ఒకే లింక్ గీశాం కాబట్టి ఆ 5 శాతం కూడా అదే లింక్ మీద పడింది.

లెక్క కట్టి చూడండి. 12.5ను 0.97తో గుణించి 1.05తో భాగిస్తే సుమారు 11.55. 50 ఎంబీకి 4.33 సెకన్లు, 13.01 రెట్ల లేటెన్సీ కలిపితే 4.37. నలభై ఫైళ్లకు 174.8, చివరి 12 కలిపితే 186.8. సరిపోయింది.

నిజానికి ఇంటర్నెట్ కనెక్షన్‌లో వెళ్లే దారి, వచ్చే దారి వేరు. కాబట్టి లింక్ షేరింగ్ పద్ధతిని స్ప్లిట్‌డూప్లెక్స్ అని మార్చి, వెళ్లే రూట్‌కు అప్, తిరిగొచ్చే రూట్‌కు డౌన్ అని విడివిడిగా రాయండి. ఇప్పుడు 178.5 దగ్గర వస్తుంది. చివరిగా, నెట్‌వర్క్ మోడల్‌ను ఈ గుణకాలు లేని సీఎం02కు మార్చి, క్రాస్ ట్రాఫిక్ (ఆ ఎదురు దిశ 5 శాతం) ఆపేసి నడపండి. 172.12 దగ్గరకు వచ్చి ఆగుతుంది.

మూడు అంకెలూ మీ కాగితం మీది లెక్కతో కలిశాయి. ఇప్పుడు మళ్లీ ఎల్‌వీ08కు, స్ప్లిట్‌డూప్లెక్స్‌కు వచ్చేయండి. అసలు ప్రయోగాలు దాని మీదే చేయాలి. కింద మాత్రం లెక్క పట్టుకోవడం తేలికని సీఎం02 అంకెలే ఇస్తాను, మిల్లీసెకన్లు వదిలేసి.

అసలు ప్రశ్నలు అడగడం

డబ్బు ఎక్కడ పెట్టాలి? సర్వర్ల వేగం రెట్టింపు చేయండి. 172 కాస్తా 166 అవుతుంది. రెట్టింపు అద్దెకు దక్కింది 6 సెకన్లు. పోనీ 4 సర్వర్లకు బదులు 8 పెట్టండి. 172 అలాగే ఉంటుంది, ఒక్క సెకను తగ్గదు. తీగ నిండిపోయింది, అవతల ఎంతమంది కాచుకుని కూర్చున్నా ప్రయోజనం లేదు.

నెట్‌ను 200 ఎంబీపీఎస్ చేయండి. పంపడం సగానికి తగ్గింది కాబట్టి మొత్తం 92 అవుతుందని నోటిలెక్క. వచ్చేది 146. ఎందుకంటే ఇప్పుడు ఇరుకు మారింది. ఫైలు దిగుతున్న 2 సెకన్లూ సర్వర్ ఖాళీ, పని జరుగుతున్న 12 సెకన్లూ దాని మెయిల్‌బాక్స్ ఖాళీ. అందుకని వర్కర్ కోడ్ మార్చండి: ఎగ్జిక్యూట్ మొదలుపెట్టే ముందే తర్వాతి ఫైలుకు ఎసింక్ గెట్, అంటే చేరేదాకా ఆగకుండా ముందుకెళ్లే గెట్, పెట్టేయాలి. ఒక ఫైలు మీద పని జరుగుతుండగానే ఇంకోటి దిగిపోతుంది. ఇప్పుడు 128. పైసా ఖర్చు లేకుండా 18 సెకన్లు కలిసొచ్చాయి. ఇదే మార్పు పాత 100 ఎంబీపీఎస్ మీద చేస్తే మాత్రం ఏమీ మారదు, అక్కడ ఇరుకు తీగ దగ్గరే ఉంది.

నెట్ ప్లాన్ మార్చడం మన చేతిలో లేకపోతే ఫైలు సైజు సగానికి తగ్గించినా అదే 146, 128 వస్తాయి. అయితే ఫోటోలు జేపెగ్‌లో ఉంటే జిప్ చేసినా పెద్దగా తగ్గవు. రిజల్యూషన్ తగ్గించాలి, అప్పుడు తీరం గీత ఎంత స్పష్టంగా దొరుకుతుందన్నది వేరే పరీక్ష.

ఇప్పుడు మాస్టర్‌ను మార్చి చూడండి. వంతుల వారీగా కాకుండా 40 ఫైళ్లనూ ఎసింక్ పుట్‌తో ఒకేసారి వదిలేయండి, వర్కర్ పాత కోడ్‌తోనే ఉండాలి. అందరికీ ఒకేసారి పంపితే త్వరగా అయిపోతుందనే ఎవరికైనా అనిపిస్తుంది. 100 ఎంబీపీఎస్ మీద వచ్చేది 280. నలుగురూ తీగను నాలుగు వాటాలు వేసుకున్నారు, ఒక్కో ఫైలుకు 16 సెకన్లు పట్టింది, నలుగురికీ ఒకే క్షణంలో చేరాయి. ఆ తర్వాత 12 సెకన్లు నలుగురూ పనిలో పడ్డారు, తీగ ఖాళీ. 28 సెకన్లు చొప్పున పది విడతలు.

ఈ 280ని చూసి నిజంగా ఇంతే అవుతుందని రిపోర్టులో రాయకండి. సిమ్యులేటర్‌లో అన్ని ఫైళ్లకూ సరిగ్గా 600 గిగాఫ్లాప్‌లే ఇచ్చాం కాబట్టి నలుగురూ కవాతు చేస్తున్నట్టు అడుగు కలిపారు. నిజం ఫైళ్లలో ఒకదానికి 11 సెకన్లు, ఇంకోదానికి 14 పడుతుంది. పని అంకెకు ర్యాండమ్‌గా కొంత అటూ ఇటూ కలిపి, సీడ్ (ర్యాండమ్ అంకెల వరుసను నిర్ణయించే మొదటి అంకె) మారుస్తూ చాలాసార్లు నడపండి. అడుగులు చెదిరి, జవాబు 172కూ 280కీ మధ్య ఎక్కడో పడుతుంది. చేతిలెక్క ఇక్కడ చేతులెత్తేస్తుంది. సిమ్యులేటర్ అవసరం సరిగ్గా ఇక్కడే మొదలవుతుంది.

ల్యాబ్ పీసీలనూ, హైదరాబాద్ సర్వర్లనూ కలిపి వాడితే ఎలా ఉంటుందో కూడా చూడండి. ఎవరు ఖాళీ అయితే వాళ్లకు తర్వాతి ఫైలు ఇవ్వడం అందరూ రాసే పద్ధతి. అది చివర్లో దెబ్బకొడుతుంది. ఆఖరి ఫైలు నిమిషం తీసుకునే ల్యాబ్ పీసీకి పడితే, నాలుగు వేగమైన సర్వర్లూ దాని కోసం ఊరికే ఎదురుచూడాలి. చివరి కొన్ని ఫైళ్లు హైదరాబాద్‌కే ఇమ్మని మాస్టర్‌కు చెప్పి, ఎన్ని ఫైళ్ల దగ్గర గీత గీస్తే లాభమో ప్రయోగం చేసి చూడండి. ఫైనల్ ఇయర్ ప్రాజెక్టుకు ఇదొక్కటే సరిపోయేంత విషయం ఉంది.

2025 అక్టోబరులో గూగుల్ విశాఖలో భారీ ఏఐ డేటా సెంటర్ పెడతామని ప్రకటించినప్పటి నుంచి, సర్వర్ పక్కనే ఉంటే అంతా వేగమైపోతుందనే మాట తరచూ వినిపిస్తోంది. మన మోడల్‌లో లేటెన్సీ సున్నా చేసి చూడండి. 172.12 కాస్తా 172 అవుతుంది. ఎల్‌వీ08లో అయినా ఒకటిన్నర సెకను తేడా. పెద్ద ఫైళ్లు పంపే పనికి దూరం కాదు, తీగ వెడల్పే అడ్డం. అదే మీ ప్రోగ్రామ్ చిన్న చిన్న ప్రశ్నలు 10,000 సార్లు ఒకదాని తర్వాత ఒకటి అడిగే రకమైతే, ఒక్కోదానికి రానూపోనూ 6 మిల్లీసెకన్ల చొప్పున నిమిషం పోతుంది. అక్కడ దగ్గర సర్వరే మేలు.

బాగా దూరమైతే ఇంకో ఉచ్చు ఉంది. సిమ్‌గ్రిడ్ ఒక ప్రవాహానికి టీసీపీ విండో (అందిందన్న కబురు రాకముందే పంపగలిగే డేటా) పరిమితి కూడా పెడుతుంది: 41,94,304 బైట్లను లేటెన్సీకి రెట్టింపుతో భాగించాలి. హైదరాబాద్‌కు ఈ పరిమితి తగలదు. ఒకవైపే 100 మిల్లీసెకన్లు పట్టే విదేశీ సర్వర్‌కు మాత్రం, మీ లింక్ 1 గిగాబిట్ ఉన్నా ఒక ప్రవాహానికి సెకనుకు 21 ఎంబీ దాటదు. కావాలంటే ఆప్షన్లలో టీసీపీ గామా అన్న పేరుతో ఉన్న ఆ బైట్ల అంకెను మార్చుకోవచ్చు, కానీ మీ మెషిన్ అసలు సెట్టింగ్ చూసి మార్చండి.

తుఫాను దినం

2014 అక్టోబర్ 12న హుద్‌హుద్ వచ్చినప్పుడు విశాఖలో కరెంటు, ఫోన్లు, నెట్ ఎలా పోయాయో ఊళ్లో ఎవరినడిగినా చెబుతారు. నెట్ ఎప్పుడూ ఉంటుందని ఇక్కడ కూర్చుని మోడల్ గీయడం కుదరదు. రోజులకు రోజులు పోవడం సంగతి అలా ఉంచి, మామూలు రోజున అరనిమిషం పోయినా ఏమవుతుందో చూద్దాం.

లింక్‌కు స్టేట్ ప్రొఫైల్ అనే చిన్న టెక్స్ట్ ఫైలు తగిలించవచ్చు. ఒక్కో లైనులో ఒక సమయం, పక్కన 0 లేదా 1. 62వ సెకనులో 0, 92లో 1 అని పెట్టండి. ఇలాగే బ్యాండ్‌విడ్త్‌కూ ప్రొఫైల్ ఇచ్చి రాత్రిపూట నెట్ నెమ్మదించడం కూడా చూపించవచ్చు.

లింక్ పోగానే పంపేవాడికీ, అందుకునేవాడికీ ఇద్దరికీ నెట్‌వర్క్ ఫెయిల్యూర్ ఎక్సెప్షన్ వస్తుంది. ఇద్దరి కోడ్‌లోనూ పట్టుకోవాలి. మాస్టర్ దాన్ని పట్టుకున్నాక వెంటనే మళ్లీ పుట్ చేయకూడదు. లింక్ ఇంకా పోయే ఉంది, వెంటనే మళ్లీ విఫలమవుతుంది, గడియారం కదలకుండా లూప్ తిరుగుతూనే ఉంటుంది. ప్రతిసారీ 5 సెకన్లు స్లీప్ చేసి ప్రయత్నించమనండి.

ఫలితం 204. నెట్ పోయింది 30 సెకన్లు, ఆలస్యమైంది 32. ఆ రెండు సెకన్లు ఎక్కడివంటే, 16వ ఫైలు సగం చేరాక లింక్ తెగింది, మళ్లీ మొదటి నుంచి పంపాల్సి వచ్చింది. మన ఫైళ్లు చిన్నవి కాబట్టి సరిపోయింది. 2 జీబీ మొత్తాన్ని ఒకే ఫైలుగా పంపుతుంటే అప్పటిదాకా వెళ్లినదంతా పోయేది. నెట్ తరచూ పోయే చోట ఫైలు ఎంత ముక్కలుగా కోయాలన్నది కూడా ఇదే మోడల్‌తో తేల్చుకోవచ్చు. హోస్ట్‌కు కూడా స్టేట్ ప్రొఫైల్ ఉంటుంది. హోస్ట్ పడిపోతే దాని మీది యాక్టర్లు చచ్చిపోతారు, తిరిగి లేవాలంటే రీస్టార్ట్ అని ముందే చెప్పి ఉంచాలి.

ఎక్కడ నమ్మకూడదు

కిలోబైట్లలో ఉండే చిన్న సందేశాల దగ్గర ప్రవాహాల లెక్క బలహీనం. అలాంటి పని అయితే సిమ్‌గ్రిడ్ లోపలే నెట్‌వర్క్ మోడల్‌గా ఎన్ఎస్-3ని తగిలించుకునే వీలుంది. డిస్క్ నెమ్మదిగా చదవడం, ర్యామ్ నిండిపోవడం, సర్వర్ పక్కవాడితో పంచుకోవడం, ఇవేవీ మీరు చెప్పకపోతే మోడల్‌లో ఉండవు.

మీ ప్రోగ్రామ్ ఎంపీఐలో (చాలా మెషిన్లు సందేశాలతో కలిసి పనిచేసే ప్రామాణిక పద్ధతి) రాసి ఉంటే యాక్టర్లుగా తిరగరాయక్కర్లేదు. ఎస్ఎంపీఐ అనే భాగం ఆ కోడ్‌నే సిమ్యులేటెడ్ మెషిన్ల మీద నడుపుతుంది. అక్కడ మీ లాప్‌టాప్ వేగం ఎంతో చెప్పే ఆప్షన్ ఒకటి ఉంది, అది కొలిచి ఇవ్వకపోతే సమయాలన్నీ అడ్డదిడ్డంగా వస్తాయి.

రిపోర్టులో ఏం పెట్టాలి

సిమ్‌గ్రిడ్ వెర్షన్, ప్లాట్‌ఫామ్ ఫైలు పూర్తిగా, వాడిన ఆప్షన్లు, ర్యాండమ్ సీడ్‌లు. నెట్‌వర్క్ మోడల్ పేరు తప్పనిసరి, అది లేకపోతే 172, 178.5, 186.8లో మీరు చెప్పేది ఏదో చదివేవాళ్లకు తెలియదు. మొదటి పేజీలోనే చేతిలెక్క, దాని పక్కనే సిమ్యులేటర్ ఇచ్చిన అంకె, తేడా ఎందుకో ఒక వాక్యం. ఎక్స్‌టర్నల్ ఎగ్జామినర్ 186.8 ఎలా వచ్చిందని అడిగితే బోర్డు మీద వేసి చూపించగలగాలి. ఒకటికంటే ఎక్కువసార్లు నడిపిన ప్రయోగాలకు సగటు ఒక్కటే రాయకండి, కనిష్ఠం, గరిష్ఠం కూడా రాయండి. వీలైతే ఒక సర్వర్ గంటపాటు అద్దెకు తీసుకుని నాలుగైదు ఫైళ్లు నిజంగా పంపి, ఆ సమయాన్ని అదే పట్టికలో చివరి వరుసగా వేయండి.